గాజులు పైకి నెట్టమన్న దొర

యుద్ధం ముగిసిన ఏడాది మా అమీర్‌పేట వీధిలోకి ఒక స్వీడన్ దొర కెమెరా పట్టుకుని వచ్చాడు. సర్కారువారి కోసం చేతిపనుల మీద సినిమా తీస్తున్నాడట. మాది మగ్గం ఇల్లు. మా ఆయన నేసేవాడు. పడుగును, అంటే బట్టకు నిలువు పోగులను, వీధిలో బారుగా సాగదీసి, గంజి పట్టించి, కుంచెతో దువ్వే పని నాది. అది మగవాళ్ల పనే. మా మామ పోయాక కుంచె నా చేతికొచ్చింది. మా ఆయన మగ్గం మీద కూర్చుంటే చూడముచ్చట, కుంచె పడితే మాత్రం ఉత్త మొద్దు. ఈ సంగతి వీధి వీధంతా ఎరుగును.

దొర మూడు రోజులు మా అరుగు మీదే కూర్చున్నాడు. జొన్నరొట్టె పెడితే తిన్నాడు. వెంట వచ్చిన మున్షీ ఆయన మాటలు మాకు తెలుగులో చెప్పేవాడు. ఫొటో స్టూడియోలో పనితో మొదలుపెట్టి, మూకీల కాలంలో మంచులో నిలబడి ఎవరెవరి సినిమాలకో కెమెరా తిప్పాడట.

"బొమ్మ తీసింది నేను, పేరొచ్చింది ఇంకొకనికి. గందుకే పట్టుబట్టి డైరెక్టరయిన అంటుండు దొర" అన్నాడు మున్షీ.

ఆ మాట విన్నాక దొర మీద నాకు గౌరవం పుట్టింది. మన బాధ తెలిసినవాడే అనుకున్నాను. ఎంత పిచ్చిదాన్నో!

నాలుగో రోజు పొద్దున్నే పడుగు సాగదీసి గంజి పట్టించాం. ఇక దువ్వడం మొదలుపెట్టాలి. దొర ఏదో అన్నాడు. మున్షీ నావైపు తిరిగాడు.

"కుంచె మీ ఆయన చేతికియ్యమ్మా. ఆడామె దువ్వుతుంటే సర్కారోళ్లు నవ్వుతరంట."

"నవ్వనీ మున్షీ సాబ్. నవ్వెటోళ్లనే వచ్చి దువ్వుమను" అన్నాను.

అత్తమ్మ భయపడి నా చేతిలోంచి కుంచె లాగి కొడుక్కిచ్చింది. ఆయన పది అడుగులు కూడా వేయలేదు. కుంచెను గట్టిగా అదిమేసరికి తడి పోగులు పుటపుటా తెగాయి. నూలు కంట్రోలులో కొలిచి ఇచ్చే రోజులవి. ఆగితే గంజి ఆరి పోగులన్నీ అంటుకుపోతాయి, పడుగంతా పాడవుతుంది. కొంగు నడుముకు దోపి కుంచె లాక్కున్నాను.

దొర ఆపమనలేదు. కెమెరా దగ్గరకు తెచ్చి నా చేతుల మీదికి వంచాడు. గాజులు ఎండకు మెరుస్తున్నాయని, మోచేతి దాకా పైకి నెట్టుకోమన్నాడు. నెట్టుకున్నాను. చివరకు పని చేసేవాళ్లనే తీస్తున్నాడని లోలోపల పొంగిపోయాను కూడా.

కొన్ని నెలలకు పంజగుట్టలో ఒక నవాబుగారి తోటలో తెర కట్టి, సాయంత్రం ఆ సినిమా వేశారు. మమ్మల్నీ పిలిచారు. ఆడవాళ్లం పరదా వెనక కూర్చున్నాం. తెర మీద మా ఆయన కుంచె పట్టుకుని నిలబడ్డాడు. తర్వాత నా చేతులు, గాజుల్లేని నా చేతులు. మళ్లీ మా ఆయన ముఖం. ఈ నేతగాడి చేతుల్లో ఎంత పనితనమో చూడండని ఉర్దూలో ఒక గొంతు పొగుడుతోంది.

నాకు ఒళ్లు మండిపోయింది. పరదా తోసేసి లేచాను.

"గా చేతులు నాయి! మొగుని మొఖానికి నా చేతులు అతికించిండు గీ దొర!"

సినిమా ఆగింది. దీపాలు వెలిగాయి. మున్షీ ఉరికి వచ్చాడు. "కూసోమ్మా, పెద్దోళ్లున్నరు."

"ఉండనీ. నీ పేరు వేరేటోనికి పోతే నువ్వు ఊకున్నవా అని దొరనడుగు. నేనెందుకు ఊకుండాలె?"

మున్షీ ఆ మాట దొరకు చెప్పకుండా నన్నే కూర్చోబెట్టబోయాడు. నవాబుగారి మనుషులు నన్ను బయటికి పంపడానికి వస్తున్నారు. అప్పుడు మగవాళ్ల వైపు నుంచి మా ఆయన లేచాడు. నలుగురిలో నోరెత్తి ఎరగని మనిషి.

"నాకు కుంచె పట్టరాదు. పడితే పోగులు తెంపిన. గవి నా పెండ్లాం చేతులే" అన్నాడు.

దొర అయోమయంగా మున్షీ ముఖం చూశాడు. మా ఆయన చెప్పిన మాట మున్షీ పొల్లుపోకుండా దొరకు చెప్పేదాకా నేను కూర్చోలేదు.