పేరు తియ్యని పురుగు

1969 మే నెలలో ఒక ఆదివారం పొద్దున నా కుడిచేయి నాది కాకుండా పోయింది. అప్పటికి నాకు నలభై ఏడేళ్లు. మాది కొడకండ్ల దగ్గర నేతపని చేసే ఊరు. ఆ ఏడు ప్రత్యేక తెలంగాణ గొడవలతో లారీలు సరిగ్గా నడవక నూలు రాలేదు. మగ్గాలు ఊరికే ఉన్నాయి. పని ఉంటే నేను ఆదివారమైనా కుంట దిక్కు పోయేదాన్ని కాదు.

కుంట ఎండి నడిమిట్ల మోకాలు లోతు బురదనీళ్లు మిగిలాయి. చేపలు పట్టేవాళ్లు తమ వంతు పట్టుకున్నాక మిగిలినవి ఎవరికి దొరికితే వాళ్లవి. ఊరంతా దిగింది. మా ఆయన పక్కింటి నుంచి ఊత తెచ్చాడు. ఊత అంటే పైనా కిందా తెరిచి ఉండే వెదురు బుట్ట. బురదలో దబ్బున గుచ్చి, పై నుంచి చెయ్యి పెట్టి లోపల చిక్కినదాన్ని తడుముకుని తీయాలి. ఆయన గుచ్చాడు, నేను చెయ్యి పెట్టాను.

చూపుడువేలు మొదట్లో కాల్చిన దబ్బనం దిగినట్టయింది. చెయ్యి గుంజుకున్నాను. చిన్న రంధ్రం, ఒక బొట్టు నెత్తురు, అంతే. నేను ఒడ్డుకు చేరేలోపు నొప్పి మోచేయి దాటింది. నాకు నలుగురు బిడ్డలు. కాన్పు నొప్పి తెలుసు. అది వస్తుంది, పోతుంది. ఇది రావడమే, పోవడం లేదు.

ఒడ్డు మీద మా అత్తమ్మ నా వేలు చూసి ఛాతీ కొట్టుకుంది. "పురుగు ముట్టింది రో! నా కోడలికి పురుగు ముట్టింది!"

మా దిక్కు పాము కరిచిందని ఎవరూ అనరు. పేరు తీస్తే విషం తలకెక్కుతుందని నమ్మకం. పురుగు ముట్టింది అంటారు. ఎవరో "పామేనా?" అనబోతే అత్తమ్మ చెంప పగలగొట్టినంత పని చేసింది. "నోరు ముయ్యి! పేరు తియ్యకు!"

మా ఆయన పరుగెత్తి ఇంట్లో మిగిలిన నూలు కండె తెచ్చి, నా మణికట్టు మీద పేనిన పోగులతో గట్టిగా కట్టు కట్టాడు. నేతగాడి ముడి జారదు, వదులు కాదు. మాకు అన్నం పెట్టిన ముడి అది. ఆ రోజు మాత్రం అదే నా చేతికి ఉరి అయింది. బండి కట్టుకుని రోడ్డెక్కి, బస్సుల కోసం నిలబడి, చివరికి ఒక లారీ ఎక్కి జనగామ చేరేసరికి పొద్దు వాలింది. చెయ్యి వంకాయ రంగుకు తిరిగింది.

అక్కడి డాక్టరు కోస్తా నుంచి కొత్తగా వచ్చినాయన. ఆయన యాస విని మా ఆయన మొహం తిప్పుకున్నాడు, మా యాస విని ఆయన మూతి బిగబట్టి నవ్వాడు.

"ఏమైందండీ?"

"పురుగు ముట్టింది సార్."

"ఏం పురుగు?"

మా ఆయన అత్తమ్మ వైపు చూశాడు. అత్తమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది. "పురుగే సార్," అన్నాడు మళ్లీ.

"పురుగు కుట్టిందానికి ఇంత కట్టా? ఏం మనుషులండీ మీరు!" అంటూ డాక్టరు ఆ ముడి విప్పబోయి, రాక, కత్తెరతో కోశాడు. ఒక ఇంజెక్షన్ ఇచ్చాడు. చీటీ మీద 'ఇన్‌సెక్ట్ బైట్' అని రాశాడు. కట్టు కోసినందుకు ఆయనకు ఇప్పటికీ దండం పెడతాను. మిగతా తప్పు ఆయనది కాదు. అడిగినదానికి మేం జవాబు చెప్పలేదు.

నేను చావలేదు. దాంతో విషం దిగిందని ఊరంతా సంతోషపడింది. కాని వేలి వాపు తగ్గలేదు. అత్తమ్మ ఆకు పసరు పోసి గుడ్డ చుట్టింది. వేలు నల్లబడి, అరచెయ్యి పొంగి, చీము పట్టింది. జ్వరంలో నేను మాట్లాడిన మాటలు నాకు తెలియవు. పోగులు లెక్కపెడుతున్నానని తర్వాత చెప్పారు.

నా భయం చావు గురించి కాదు. అది చెప్పాలంటే మా పని చెప్పాలి. మగ్గం మీద నిలువు పోగులు అయిపోవస్తుంటే, ఒక్కొక్క పాత పోగు కొసకు ఒక్కొక్క కొత్త పోగు కొస కలిపి, బూడిద అద్దుకుని, బొటనవేలు, చూపుడువేలు నడుమ మెలిపెట్టాలి. దాన్ని అచ్చు అతకడం అంటారు. అక్కడ ముడి పనికిరాదు. పన్నె అంటే మగ్గం మీద పోగులు దూరే దువ్వెన లాంటి చట్రం, ముడి దాని పళ్ల సందున దూరదు. పోగు నలిగిందా, నిలిచిందా అన్నది కన్నుకు కనపడదు, వేలి కొసకు తెలుస్తుంది. మా ఊళ్లో సన్ననూలు అచ్చు అతకాలంటే నా కోసమే వచ్చేవారు. ఆ వేలు పోతే నేను ఇంట్లో తిని కూర్చునే మనిషినవుతాను. దానికంటే పాడె నయం అనుకున్నాను.

జ్వరం దిగకపోవడంతో వరంగల్ పెద్ద దవాఖానకు తీసుకుపోయారు. అక్కడి సర్జన్ మా దిక్కు మనిషే. మాట కరుకు, చెయ్యి మెత్తన. వేలు అటూ ఇటూ తిప్పి చూశాడు. "సెప్టిక్ అయింది. వేలు తియ్యాల్సి రావొచ్చు. ముందు చెయ్యి దక్కాలె," అన్నాడు. ఆంప్యుటేషన్ అనే మాట నేను మొదటిసారి విన్నది అప్పుడే. పక్కనున్న నర్సుతో అన్నాడు, నాకు అర్థం కాదనుకుని. అర్థమైంది.

తర్వాత చీటీ చదివి అత్తమ్మను అడిగాడు. "ఇందుల ఇన్‌సెక్ట్ బైట్ అని ఉన్నది. నువ్వు పురుగంటున్నవ్. అవ్వా, నీ పురుగు కాళ్లున్న పురుగా, కాళ్లు లేని పురుగా?"

"కాళ్లు లేనిదే బాంచెన్," అంది అత్తమ్మ గుసగుసగా.

సర్జన్ పగలబడి నవ్వాడు. "ఆయనది ఆయన పురుగు, మీది మీ పురుగు! నడుమ ఈమె చెయ్యి పోతున్నది." నవ్వు ఆపి నా వైపు తిరిగాడు. "నువ్వు చెప్పమ్మా. చూసినవా, అనుకున్నవా?"

నేను లెక్క తప్పని మనిషినని నాకు పేరు. అయినా ఇన్ని రోజులూ అందరితోపాటు నేనూ పురుగు, పురుగు అన్నాను. చూసింది లేదు.

"చూడలేదు సార్. ఊతల చెయ్యి పెట్టిన."

"కరిచిందా, పొడిచిందా?"

కళ్లు మూసుకుని మళ్లీ ఆ బురదలో చెయ్యి పెట్టాను. "పొడిచింది. పొడిచి, ఒక్కసారి మెలి తిరిగింది. ఏదో పుటుక్కుమన్నది."

"ఊతల చెయ్యి పెడితే చేప గాక ఏనుగు ఉంటదా?" అన్నాడు సర్జన్ మా ఆయనతో. "ఆ రోజు ఊతల ఏం దొరికిందయ్యా?"

మా ఆయన తల గోక్కున్నాడు. "ఇంగిలాయిలు సార్. ఎవరో ఏరుకపోయిండ్రు." ఇంగిలాయి అంటే మీసాలు, ముళ్లు ఉండే బురద చేప.

ఎక్స్‌రే తీశారు. వేలి ఎముక పక్కన సన్నటి గీత. "పాము పన్ను వంపు తిరిగి ఉంటది. ఇది సీదాగ ఉన్నది, చేప ముల్లే," అన్నాడు సర్జన్.

ఆపరేషన్ తర్వాత నేను మొదట అడిగింది వేలు ఉందా అని. ఉంది. రెండోది అదేదో చూపించమని. నర్సు దూదిలో పెట్టి తెచ్చింది. గోరు వెడల్పు కూడా లేని ముల్లు ముక్క. అంచున వరుసగా పళ్లు. ఒక్కటీ వంకర లేదు, సందు తప్పలేదు. పన్నె కట్టేవాడు ఎంత అనుభవం ఉన్నా అంత సన్నగా పళ్లు కూర్చలేడు. పళ్లన్నీ వెనక్కు వాలి ఉన్నాయి. దిగేటప్పుడు తేలిగ్గా దిగుతుంది, గుంజితే పట్టుకుంటుంది. అంత జ్వరంలోనూ నేను "ఎంత బాగ చేసినవురా దేవుడా," అన్నాను. నర్సు నాకు మతి పోయిందనుకుంది.

అక్కడితో అయిపోలేదు. మళ్లీ జ్వరం వచ్చింది, మళ్లీ కోసి శుభ్రం చేశారు. పెన్సిలిన్ ఇంజెక్షన్లతో నడుము గట్టిపడింది. రోజూ డ్రెస్సింగ్ అప్పుడు పళ్లు కొరుక్కునేదాన్ని. గాయం మానాక వేలి కొసకు స్పర్శ లేదు. "నర్వ్ దెబ్బతిన్నది. రావొచ్చు, రాకపోవచ్చు," అన్నాడు సర్జన్. మేం ఇంటికి బయలుదేరేముందు ఇంకో మాట చెప్పాడు. "చేప ముల్లు గుచ్చితే కట్టు కట్టొద్దు. ఓర్చుకునేంత వేడినీళ్లల్ల పెట్టి, సీదా దవాఖానకు రండి."

ఇంటికి వచ్చాక నెత్తురు పట్టాలని అత్తమ్మ పులుసు వండింది. ఏం చేప అని అడిగితే తల దించుకుని నవ్వింది. "ఇంగిలాయే బిడ్డా. అది నిన్ను పొడిచింది గదా, నువ్వు దాన్ని తిను. లెక్క సాఫ్." తిన్నాను. బాలింతలకు పెట్టేది అదే. రుచి సంగతి దానికే చెల్లింది.

కాని నాకు బతికున్నదాన్ని చూడాలనిపించింది. మా ఆయన ఒకటి తెచ్చి నీళ్ల గోలెంలో వేశాడు. పొలుసు లేని ఒళ్లు, నల్లటి ఎరుపు, తడిసిన పట్టులా నునుపు. చప్పిడి తల. మూతి చుట్టూ ఎనిమిది మీసాలు, ఒక్కొక్కటి ఒక్కో దిక్కు తడుముతూ. అది కళ్లతో కాదు, మీసాలతో చూస్తుంది. నేను పోగును చూసినట్టు. పక్క రెక్కల ముందు రెండు ముళ్లు. జోలికి పోతే అవి నిక్కబొడుచుకుని గడియ పడ్డట్టు నిలబడతాయి. జోలికి పోకపోతే ఒంటికి ఆనుకుని ఉంటాయి. కాసేపటికొకసారి పైకి వచ్చి మనలాగే గాలి మింగి పోతుంది. కుంట ఎండినా తడి బురదలో ప్రాణం పట్టుకుని వానకు ఎదురుచూస్తుంది. ఆ రోజు దాని ఇంట్లోకి చెయ్యి పెట్టింది నేను. అది చేసింది దాని పని. వాన పడ్డాక దాన్ని కుంటలో వదిలిరమ్మన్నాను. "పొడిచినదానికి సాగనంపుడా!" అని మా ఆయన నవ్వాడు, కాని వదిలి వచ్చాడు.

చూపుడువేలి కొసకు స్పర్శ రాలేదు. ఆ చేప ఒక మీసం తెగినా మిగతావాటితో తడుముకుంటుంది గదా అనుకున్నాను. నడిమివేలికి బూడిద అద్ది మొదలుపెట్టాను. మొదట్లో అతికిన పోగులు పన్నెలోకి పోకముందే విడిపోయేవి. రెండు పండుగలు దాటాక నా అచ్చు మళ్లీ నిలిచింది. ఇప్పుడు నాకు అరవై నాలుగేళ్లు. సన్ననూలు వస్తే ఇప్పటికీ నన్నే పిలుస్తారు.

ఇది రాయడానికి కారణం పోయిన ఏడు జరిగింది. మా చిన్నబిడ్డను భూపాలపల్లి దిక్కు ఇచ్చాం. నేను చూడబోయినప్పుడు అది గడ్డి కోస్తూ కాలు పట్టుకుని కూలబడింది. బండిలో పడుకోబెట్టి ఏం చూశావని అడిగాను, అంతా చెప్పింది. దవాఖానలో డాక్టరమ్మ అడగగానే వియ్యపురాలు "పురుగు ముట్టింది," అంది.

"కాదమ్మా, పాము," అన్నాను.

వియ్యపురాలు నా నోరు మూయబోయింది. "వదినా! పేరు తియ్యకు, నీ కాళ్లు మొక్కుత!"

"నా బిడ్డ పేరు ఉండాలంటే దాని పేరు తియ్యాలె," అని ఆమె చెయ్యి పక్కకు తీశాను. "పాము. లావుగ ఉన్నది, వీపు మీద గొలుసు లెక్క మచ్చలు, కుక్కర్ విజిల్ లెక్క బుస కొట్టిందట. నా బిడ్డ కళ్లార చూసింది."

"రక్తపింజరి," అంది డాక్టరమ్మ. ఇంకో ప్రశ్న అడగలేదు. యాంటీవెనం తెమ్మని నర్సును పరుగెత్తించింది.

నా బిడ్డ బతికింది. మొన్ననే వచ్చి, నా పక్కన కూర్చుని బూడిద అద్దుకుని అచ్చు అతకడం నేర్చుకుని పోయింది. చదివేవాళ్లకు నేను చెప్పేది ఒక్కటే. డాక్టరు ముందు చూసింది చూసినట్టు చెప్పండి, చూడకపోతే చూడలేదనండి. పామైతే పాము అనండి, ఇంగిలాయైతే ఇంగిలాయి అనండి. విషం ముల్లులో ఉంటుంది, పన్నులో ఉంటుంది. పేరులో లేదు.