సినిమా డబ్బాల్లో రొట్టెలు

మా బాబా పోయారని ఏథెన్స్ నుంచి వాళ్ల అమ్మాయి ఫోన్ చేసి చెప్పారు. నిద్రలోనే పోయారట. సరేనమ్మా అన్నాను. సగంలో ఆపిన ఉల్లిపాయలు తరిగి, కూర పొయ్యి మీద వేశాను. ఉప్పు కూడా సరిగ్గానే పడింది. ఏడుపు ఇంకా రాలేదు. అందుకే ఇది రాస్తున్నాను.

కువైట్‌లో పనివాళ్లం ఇంటి యజమానిని బాబా అంటాం. ఈయన గ్రీసు దేశస్థుడు. కువైట్‌లోనే జాబ్రియా అనే పేటలో కూతురి ఇంట్లో ఉండేవారు. నేను ఆ ఇంటి వంటవాణ్ణి, మాది కోనసీమ. వయసులో ఉండగా ఆయన సినిమా నిర్మాత. పెద్ద యుద్ధం అయ్యాక, వాళ్ల దేశంలో తిండికే కటకటగా ఉన్న రోజుల్లో సినిమాలు తీశారు. వేరేవాళ్ల దగ్గర మిగిలిన ఫిల్మ్ ముక్కలు అడిగి తెచ్చుకుని, లైట్లు దొరక్క వీధిలో ఎండలోనే షూటింగ్ చేసేవారట. పొద్దున్నే పెద్ద గిన్నెడు చిక్కుడుగింజల చారు కాయించి, అందరూ తాగాకే కెమెరా తిప్పనిచ్చేవారట.

మరి నిర్మాతగా మీ పనేమిటని ఒకసారి అడిగాను.

"నటించేది వాళ్లు, తీసేది వాళ్లు. సాయంత్రానికి అందర్నీ ఇంటికి చేర్చేది నేను," అన్నారు.

ఆయన సినిమాల్లో ఒక్కదాని ప్రింటే మిగిలింది. పది రేకు డబ్బాలు. ఏసీ గదిలో పెట్టి, ప్రతి శుక్రవారం తనే గుడ్డతో తుడిచేవారు. నన్ను ముట్టుకోనిచ్చేవారు కాదు.

కువైట్ మీదికి ఇరాక్ సైన్యం వచ్చిన తొంభయ్యో సంవత్సరం ఆగస్టులో కూతురూ అల్లుడూ సెలవులకి ఊరెళ్లి ఉన్నారు. పనిలో పెట్టుకున్న కఫీళ్లు ఇళ్లొదిలి పారిపోతే, చుట్టుపక్కల ఇళ్లలో పనిచేసే కడప ఆడవాళ్లు ఒక్కొక్కరే మా గుమ్మంలోకి వచ్చారు. పద్దెనిమిది మంది. ఆయన ఎవరినీ పొమ్మనలేదు. జోర్డాన్ సరిహద్దుకి బస్సు కూడా ఆయనే కుదిర్చారు. సైనికులు మనవాళ్లని వెళ్లనిస్తున్నారు, యూరప్ వాళ్లని పట్టుకుంటున్నారు. మాతో రమ్మని బతిమాలాను. తనుంటే బస్సు ఆపేస్తారన్నారు.

దారికని రొట్టెలు కాల్చాను. దేంట్లో పెట్టాలా అని చూస్తుంటే, ఆయన గదిలోకెళ్లి రీళ్లు తీసి తన మంచం మీద పేర్చి, ఖాళీ డబ్బాలు తెచ్చి నా ముందు పెట్టారు.

"బాబా, మీ సినిమా?"

"చూసినవాళ్లు చూసేశారు. రొట్టెలు పెట్టు."

చలికాలం దాకా ఆయన ఆ ఇంట్లోనే దాక్కుని, యూరప్ వాళ్లని వదిలేశాక వాళ్ల దేశం వెళ్లిపోయారు. మరుసటేడు నేను తిరిగొచ్చి చూస్తే, కరెంటు లేని ఇంట్లో ఆ ఎండలకి రీళ్లు అంటుకుపోయి జిగురు ముద్దలై ఉన్నాయి. ఫోన్‌లో ఆయన అడిగింది ఒక్కటే, ఎంతమంది ఇళ్లకి చేరారని. అందరూ అన్నాను. సినిమా మాట ఆయనా ఎత్తలేదు, నేనూ ఎత్తలేదు.

ఆ బస్సులో వెళ్లినప్పుడు, సరిహద్దు దాటాక ఎడారిలో గుడారాల్లో ఐదు రోజులున్నాం. రొట్టెలు రెండో రోజుకే అయిపోయాయి. తాగడానికే నీళ్లు చాలడం లేదు. అలాంటిది, మాతో వచ్చినవాళ్లలో ఒకామె ఇసకతో డబ్బా తోముతూ కూర్చుంది. ఇప్పుడెందుకమ్మా అన్నాను.

"ఆయప్పవి గదన్నా. తిరిగియ్యల్ల గదా," అంది.

మిగతావాళ్లూ వచ్చి ఆమె పక్కన కూర్చున్నారు. పది డబ్బాలూ, పది మూతలూ తోమి, గుడారం ముందు వరసగా ఎండలో బోర్లించారు. అవి మెరుస్తుంటే అటు చూడలేక అందరం కళ్లు చికిలించుకున్నాం.