తెలిసిన గొంతు

మైకు కూత పెట్టింది. బొంగులూరు ఫంక్షన్ హాల్లో పూలు కడుతున్నవాళ్ళంతా చెవులు మూసుకున్నారు. స్టేజి మీద సలీం, లాప్‌టాప్ ముందు నేను. ఆ కూత వింటే చాలు, మా యాదయ్య అన్న గుర్తొస్తాడు. ఆయన వెంటే నా పాత కడుపుమంట కూడా.

ఇబ్రహీంపట్నంలో సాగర్ రోడ్డు మీద అన్నకు సౌండ్ షాపు ఉండేది. ఊళ్ళ చుట్టూ వెంచర్లు, వాటి పక్కన ఫంక్షన్ హాళ్ళు లేస్తున్న కాలం. మైకుకూ స్పీకర్లకూ నడుమ ప్రాసెసర్ అనే పెట్టె ఉంటుంది. దాన్ని లాప్‌టాప్‌తో సర్దాలి. తెర మీద ఒక వంకర గీత. గొంతు ఎక్కడ గుయ్యిమంటే అక్కడ గీతను కిందికి లాగాలి, ఎక్కడ పీలగా ఉంటే అక్కడ పైకి. నేనూ సలీమూ అన్న దగ్గర ఒకేసారి పనిలో చేరాం. ఆ గీత మీద చెయ్యి వెయ్యాలని నాకెంత ఆశో! కానీ ఏ హాలుకు పోయినా ఒకటే మాట.

“సుజాతా, నువ్ స్టేజెక్కు.”

“ఏం మాట్లాడాలె అన్నా?”

“పొద్దుగాల ఏం కూరొండినవో జెప్పు. సలీం, గా గీత జర కిందికి గుంజు.”

నేను బెండకాయ, టమాట అంటూ వాగుతుంటే వాడు అన్న భుజానికి భుజం ఆనించి మౌసు తిప్పేవాడు. కళ్ళల్లో నిప్పులు పోసుకున్నాను. వాడు ముక్కుతో నవ్వినా, ‘అన్నా’ అని చివర సాగదీసినా నాకు ఒళ్ళు మండేది.

ఈ హాలు కట్టేనాటికి అన్నకు మోకాళ్ళు పట్టేశాయి. ఇక ట్యూనింగ్ పని ఎవరికి అప్పజెబుతాడా అని ఎదురుచూశాను. లాప్‌టాప్ సలీం చేతిలో పెట్టాడు. నేను ఆగలేకపోయాను.

“మైకు ముందల వాగెటందుకే పనికొస్తనా అన్నా? వాడేం ఎక్కువ?”

“ఓసి పిచ్చిదానా! మిషన్ ఎవలన్న నేర్సుకుంటరు. నీ గొంతు నాకెరుక. స్పీకర్లకెంచి గది గట్లనే వొస్తేనే హాలు సక్కగైనట్టు. అన్ని హాళ్ళు నీ గొంతు మీదనే సర్దిన.”

గొప్ప మాటే. కానీ నా కడుపు చల్లబడలేదు. గొంతేమో నాదట, మౌసు మాత్రం వాడికట! ఆ రోజే మానేసి, హయత్‌నగర్‌లో ఇంకో షాపులో పట్టుబట్టి ఆ పని నేర్చుకున్నాను. అన్న పోయాక సలీమే వచ్చాడు, “షాపు నా ఒక్కనితోని అయితలేదు, రా” అంటూ. లాప్‌టాప్ నాదైతేనే వస్తానన్నాను.

ఇవాళ ఈ హాలుకు కొత్త స్పీకర్లు బిగించాం.

“ఏం జెప్పాలె?” అన్నాడు సలీం మైకు పట్టుకుని.

“ఏం కూర దిన్నవో జెప్పు.”

మటన్ గురించి మొదలుపెట్టాడు. నేను గీత సర్దుతూ పోయాను. కూత ఆగింది, గొంతు శుభ్రంగా వచ్చింది. కానీ అది వాడిది కాదు. ఇంకొంచెం లాగాను. అప్పుడొచ్చింది ఆ ముక్కు గరగర, చివర ఆ సాగదీత, వెనక కుర్చీల దాకా. మౌసు వదిలేశాను.

“అయిపాయెనా? సక్కగైందని ఎట్ల తెలిసింది నీకు?”

లాప్‌టాప్ మూసేశాను. ఇన్నేళ్ళు ఓర్వలేక విన్న గొంతు అది. నేను కాక ఇంకెవరు గుర్తుపడతారు?