నింజా, వాన, అత్త కాఫీ గింజలు

ఆ రోజుల్లో అలసట నాకు పుస్తకాల్లో చదివిన మాట మాత్రమే. పది తప్పి, పెదబయలు గ్రంథాలయంలో పుస్తకాలన్నీ చదివేసి (రెండు బీరువాలు, ఒకదాని తాళంచెవి పోయింది కాబట్టి నిజానికి ఒకటే), మా అత్త కాఫీ కళ్లానికి కాపలాగా కుదిరాను. టార్పాలిన్ మీద ఎండే గింజలను గంటకోసారి కలియబెట్టాలి, వానొస్తే కప్పాలి. తడిస్తే బూజు వాసన పట్టి ఎవరూ కొనరు. అత్తకు ఏడాదంతటికీ అదొక్కటే పంట.

మిగతా సమయం ఫోన్లో నింజా ఆట. నల్లబట్టల నింజా, అంటే పూర్వకాలపు జపాన్ గూఢచారి, నల్లటి అడవిలో నడుస్తాడు. ఆ చీకటి తెర మీద నేనెక్కడున్నానో నాకు తెలిసేది కాదు, నన్ను చంపే కాపలావాడికే తెలిసేది. ఒక ఉదయం సిగ్నల్ కోసం కొండమీది బండ ఎక్కి, గంటసేపు ఫోన్ పైకెత్తి పట్టుకుని అప్‌డేట్ చేసుకున్నాను. కళ్లం పక్కన రేకుల పాకలో కూర్చుని, ఇయర్‌ఫోన్లు పెట్టుకుని తెరిస్తే ఆటే మారిపోయింది. చీకటి పలచబడింది, వెన్నెల పడింది, ఎండుటాకుల మీద అడుగుల చప్పుడు వినబడుతోంది. ఇక ఆ వాన! ముందు దూరంగా, తర్వాత చినుకులుగా, ఆపైన రేకుల మీద దబదబా. (అడవిలో రేకులెక్కడివని అనుమానం వచ్చింది. జపాన్లోనూ రేకుల పాకలుంటాయి కాబోలు అనుకున్నాను.) ఇంతలో ఎవరో ఇయర్‌ఫోన్లు పీకారు. చూస్తే అత్త, నెత్తిన గోనెసంచి, ముక్కు మీంచి నీళ్లు.

"ఏటి సేత్తన్నావురా? వాన ఇనబడనేదా?"

"ఇనబడింది అత్తా. ఆటలోది అనుకున్నాను. అప్‌డేట్ శానా బాగా సేసారు."

"బేగి పట్టు ఆ కొస."

కప్పేసరికి సగం గింజలు తడిశాయి. తప్పు తేలిక చేసుకోవాలని, టార్పాలిన్ లాగుతూనే నా గ్రంథాలయ విజ్ఞానం విప్పాను. "నింజా అంటే మామూలోడు కాదత్తా. ఆకు కదిలినా ఆడికి తెలిసిపోద్ది."

"అయితే ఆడినే కాపలా పెట్టుకుందును గదరా" అంది అత్త.

తడిసిన గింజలను విడిగా పరిచి వారం రోజులు చేత్తో తిప్పాను. కొన్ని దక్కాయి. దక్కనివి ఇంట్లోకే పొడి కొట్టాం. ఆ ఏడాదంతా అత్త "తాగు, నింజా" అంటూ గ్లాసు చేతికిచ్చేది. బూజు వాసన వచ్చినా తాగేవాణ్ణి.

ఇప్పుడు ఆ కళ్లం నాది, నడుంనొప్పీ నాదే. మొన్న ఆ ఆట మళ్లీ పెట్టుకున్నాను (బండ ఎక్కక్కర్లేదు, ఇప్పుడు ఇంట్లోనే సిగ్నల్). ఇంకా బాగుచేశారు. వాన మొదలవగానే నింజాను చీకట్లో వదిలేసి, మోకాలు పట్టుకుని బయటికి పరిగెత్తాను. బయట తెల్లటి ఎండ. గింజలు నిశ్చింతగా ఎండుతున్నాయి. ఎలాగూ వచ్చాను కదా అని ఒకసారి కలియబెట్టి, అక్కడే కూలబడ్డాను. నవ్వొచ్చింది. ఆ రోజుల్లో ఆ కుర్రవాడు నిజం వానకే లేవలేదు.