చప్పుడు బంద్ చేసిన టీవీ

నారాయణపేటలో నేను టీవీ విలేకరిగా ఉన్నప్పుడు, చీరలు నేసే ఒకావిడ కూతురిని ఎవరో చంపేశారు. హంతకుడు దొరకకముందే మా ఛానల్ "ప్రియుడే చంపాడా?" అంటూ మూడు రోజులు ఊదరగొట్టింది. ఆ అమ్మాయి బతుకమ్మ ఆడుతున్న వీడియో సంపాదించి పంపింది నేనే. ఇరుగుపొరుగు ఆ తల్లి గడప తొక్కడం మానేశారు.

నాలుగో రోజు క్షమాపణ అడుగుదామని వెళ్లాను. ఆమె మగ్గం పక్కన కూర్చుని, చప్పుడు బంద్ చేసి టీవీ చూస్తోంది.

"అన్నీ అబద్ధాలే గదమ్మా, ఎందుకు చూస్తున్నవ్?" అన్నాను.

"మాటలే అబద్ధం బిడ్డా. ఆడేది నా పిల్లనే గదా."

కానీ ఆ రోజు వేరే ఊళ్లో ఇంకో హత్య జరగడంతో ఛానల్ అప్పటికే అటు మళ్లింది. చాలాసేపు చూశాక ఆమె నావైపు తిరిగింది.

"ఇయ్యాల నా పిల్లను చూపియ్యరా?"

"ఇగ చూపియ్యరమ్మా," అన్నాను.

తలూపింది గానీ, టీవీ మీంచి చూపు తిప్పలేదు.