మా గదిలో ఇంగ్లండు యుద్ధం

ఇంగ్లండులో ఒకప్పుడు రాజుకీ పార్లమెంటుకీ యుద్ధం జరిగింది. బయటి శత్రువుతో కాదు, సొంత మనుషుల మధ్యే. ఆ యుద్ధాన్ని ఖతర్‌కు, అల్ రయ్యాన్ కూలీల క్యాంపులో మేం ఎనిమిది మందిమి ఉన్న గదిలోకి తెచ్చినవాణ్ణి నేనే. దానివల్ల మా మెస్ రెండు ముక్కలైంది. ఒక మనిషి కొలువుకే ముప్పు వచ్చింది. ఇన్నేళ్ళూ ఈ సంగతి ఎవరికీ చెప్పుకోలేదు.

తొంభైల నడిమి సంవత్సరాలు. నేను ఆ క్యాంపుకు వాచ్‌మన్‌ను. బడి చదువు మూడో తరగతితో సరి. మిగతా చదువంతా పొట్లం కాగితాల్లో, పాత పేపర్లలో, అట్ట ఊడిన ఒక డిక్షనరీలో దొరికిందే. అల్ అజీజియాలో మన ఆంధ్రా ఇంజనీరు ఒకాయన ఇల్లు ఖాళీ చేస్తుంటే సామాను మోయడానికి పోయాను. చెత్తడబ్బా పక్కన లావుపాటి పుస్తకం ఒకటి పడి ఉంది. తీసుకుంటానని అడిగితే ఆయన నవ్వాడు.

"అది ఇంగ్లీషు హిస్టరీ అండీ, మీకేం అర్థమవుతుంది? తలకింద పెట్టుకోడానికైతే తీసుకెళ్ళండి."

ఆ నవ్వు తలుచుకుంటే నాకు ఇప్పటికీ మండుతుంది. ఆ మంటతోనే ఏడాదిపాటు గేటు దగ్గర కూర్చుని, మాటకు మాట వెతుక్కుంటూ చదివాను. చదివింది లోపల దాచుకునే గుణం నాకు లేదు. శుక్రవారం కోడికూర తిన్నాక సిమెంటు సంచి కాగితం పరిచి, పుస్తకం వెనకున్న పటం చూసి ఇంగ్లండు బొమ్మ గీసేవాణ్ణి. రాజు సైన్యానికి ఖర్జూరపు గింజలు, పార్లమెంటు సైన్యానికి శనగలు. వారానికొక ప్రాంతం చెప్పేవాణ్ణి. ఒక వారం ఉత్తరాన కొట్లాట, ఇంకో వారం పడమర సముద్రం దిక్కు.

ఏ జిల్లా సైన్యం ఆ జిల్లా పొలిమేర దాటి పోనని మొండికేసేదని చెప్పిన రోజు గదంతా ఒకటే నవ్వు.

"గిది మనోళ్ళ ముచ్చటే కాకా!" అన్నాడు ఆర్మూరు దిక్కు షట్టరింగ్ పనివాడు. "మా దిక్కు పక్క తాలూకాకు పిల్లనే ఇయ్యరు, ఇగ పాణమిస్తరా?"

అతనూ, అతని ఊరి దిక్కు ఇద్దరూ పార్లమెంటు. గోదావరి అవతల నిర్మల్ నుంచి వచ్చిన, ఇనుప చువ్వలు కట్టే స్టీలు పనివాడూ, అతని మనుషులు ఇద్దరూ రాజు పక్షం. రాజు గుర్రపు దళం వాళ్ళకు నచ్చింది. ఎనిమిదోవాడు ఏ పక్షమూ కాదు. మెట్‌పల్లి నుంచి వచ్చిన గోడల మేస్త్రీ, వయసులో నా ఈడువాడు, అందరూ పెద్దన్న అనేవాళ్ళు. గుమ్మం దగ్గర పప్పులో రాళ్ళు ఏరుకుంటూ, ప్రతి వారం ఒక్కటే అడిగేవాడు.

"గంత ఫౌజు ఏం తిన్నదే?"

"అన్నా, ఇక్కడ యుద్ధం నడుస్తుంటే నీకు తిండి ముచ్చటేందే?" అని నేను కసురుకునేవాణ్ణి.

పుస్తకంలో ఆ సంగతి ఉంది. సిపాయిలు ఊళ్ళమీద పడి బతికిన వైనం పది పన్నెండు పేజీలు రాశారు. వినేవాళ్ళకు రుచించదని నేనే దాటవేశాను.

వేసవి మొదట్లో ఒక శుక్రవారం ఉత్తరాది పెద్ద యుద్ధం చెప్పాను. రెండు గంటల్లో రాజు చేతిలోంచి ఉత్తరాది అంతా పోయింది. నేను ఖర్జూరపు గింజలు ఒక్కొక్కటే తీసేస్తుంటే షట్టరింగ్ పనివాడు ఊరుకోలేదు.

"ఏం రాజా, నీ గుర్రాలు గడ్డి మేస్తున్నయా?"

"నోరు మంచిగుంచుకో," అన్నాడు స్టీలు పనివాడు.

"అరే, ఓడినోనికి కోపమేంది? నీ గోదారికి అవతల దాక ఉరుకు, యల్లా!"

స్టీలు పనివాడు కాగితాన్ని కాలితో తన్నాడు. "ఇగ నీ చేతి కూడు నాకు మాఫీ, అక్కర్లేదు. నా అన్నం గంజుల చెయ్యి పెట్టకు." సాయంత్రానికి రెండో స్టవ్ వచ్చింది. బియ్యం డ్రమ్ము పంచుకున్నారు. నేను నవ్వి ఊరుకున్నాను. నా పాఠం ఇంత బలంగా ఎక్కిందని లోపల గర్వపడ్డాను కూడా.

మా మెస్ పద్ధతి ఒకటుంది. ఎనిమిది టిఫిన్ డబ్బాలు గోడవారన వరుసగా పెట్టి ఉండేవి. ఎవరి వంతు వస్తే వాళ్ళు వండి అన్నీ నింపాలి. నాకేం కావాలి అని ఎవరూ అడిగే పని లేదు. ఇప్పుడు మూడు డబ్బాలు ఇటు, మూడు అటు. నాది నేను గేటు దగ్గరకు తెచ్చుకున్నాను. పెద్దన్న డబ్బా ఒక్కటే గోడవారన మిగిలింది. అతను అటువైపు మనిషని ఇటువాళ్ళు, ఇటువైపు మనిషని అటువాళ్ళు అనుకున్నారు. అతను అడిగే మనిషి కాదు.

నాలుగో రోజు ఎండలో పరంజా మీద కళ్ళు తిరిగి కూలబడ్డాడు. పక్కవాడు పట్టుకున్నాడు కాబట్టి కిందపడలేదు. ఇంకోసారి ఇలా అయితే ఖలాస్, ఇంటికే అని చెప్పి ఫోర్‌మన్ గదికి పంపించాడు. నేను కూర పెడదామని అతని డబ్బా తెరిస్తే అందులో ఎండిన ఖుబ్బూస్ రొట్టె సగం ఉంది.

"ఎవల మెస్ల తింటున్నవే అన్నా?"

"ఎవలు పిలుస్తరు? నేను ఎవల దిక్కూ గాదు గద."

ఆ మాటకు నా ముఖం ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. శుక్రవారం మళ్ళీ పటం పరిచి, అందర్నీ కూర్చోబెట్టి నేను దాటవేసిన పేజీలు చదివాను. పశువుల్ని తోలుకుపోవడం, విత్తనాలతో సహా ఊడ్చుకుపోవడం, ఒకే ఊరు రెండు సైన్యాలకూ పన్ను కట్టడం. చివరికి విసిగిపోయిన రైతులు కర్రలు పట్టుకుని, మీరూ వద్దు వాళ్ళూ వద్దని రెండు సైన్యాలకూ అడ్డం నిలబడటం. అప్పుడు పెద్దన్న నోరు విప్పాడు.

"నా చిన్నతనంల మా ఊర్ల గిదే అయింది. పొద్దుగాల సర్కారోళ్ళు జొన్నలు ఎత్తుకపోయిండ్రు. మాపటికి అడవిలున్నోళ్ళు అచ్చి, వాళ్ళకెందుకు పెట్టినవని మా నాయనను కొట్టి, మిగిలినయి ఈళ్ళు ఎత్తుకపోయిండ్రు. ఆ యేడు మా చెల్లె బతకలే."

మా ఊళ్ళోనూ అవే రోజుల్లో మా దొడ్లోంచి చూడి బర్రెను తోలుకుపోయారు. మా అమ్మ దాని పలుపు పట్టుకుని పొలిమేర దాకా ఏడుస్తూ పోయింది. వెనకాల నేనూ పోయాను. అది చూసిన కళ్ళతోనే ఆ పేజీలు తిప్పేశాను. ఇంజనీరు నవ్వాడని కోపం తెచ్చుకున్న నేను, పెద్దన్న ప్రశ్నను కసురుకోలేదా?

పెద్దన్న ఇంకేం మాట్లాడకుండా పటం మీది శనగలన్నీ ఏరి, ఇంకో రెండు పిడికిళ్ళు కలిపి నీళ్ళలో పోశాడు. మర్నాడు ఎనిమిది డబ్బాల్లో గుగ్గిళ్ళు ఉన్నాయి. స్టీలు పనివాడు మూత తీసి చూసి, డబ్బా పట్టుకుపోయాడు. మెస్ కలిసింది. స్టవ్‌లు మాత్రం రెండూ ఉండిపోయాయి, ఒకదాని మీద అన్నం, ఒకదాని మీద కూర.

కానీ పెద్దన్న ఒంట్లో సత్తువ తిరిగి రాలేదు. నడి ఎండాకాలంలో మళ్ళీ కళ్ళు తిరిగి కూలబడ్డాడు. ఈసారి కడుపు నిండే ఉంది, అయినా ఫోర్‌మన్ వినలేదు. ఎయిర్‌పోర్టు బండి వచ్చిన పొద్దున అందరూ డ్యూటీలో ఉన్నారు. గేటు దగ్గర నేనొక్కణ్ణే ఉన్నాను. బండి ఎక్కబోతూ ఆగి అడిగాడు.

"ఇంతకు రాజు ఏమైండే?"

"తల నరికిండ్రన్నా."

"మరి ఊర్లల్ల ఎత్తుకపోయిన గింజలు? ఎవలన్న తిరిగిచ్చిండ్రా?"

"చూసి జాబు రాస్త," అన్నాను.

ఆ పుస్తకం మొదటి నుంచి చివరిదాకా మళ్ళీ వెతికాను. ఫిరంగులు ఎన్నో ఉంది, గుర్రాలు ఎన్నో ఉంది, ఏ జెండా ఏ రంగో కూడా ఉంది. అతను అడిగింది లేదు. ఆ జాబు ఇంకా రాయలేదు.