కామందు గారి కండువా

నా చిన్నప్పుడు సామర్లకోట స్టేషన్‌లో జనరల్ బోగీ ఎక్కాలంటే మనకంటే ముందు తువ్వాలు ఎక్కాలి. రైలు ఆగీ ఆగకముందే కిటికీలోంచి విసిరితే, అది పడ్డ సీటు మనది. ఎంత ఆలస్యంగా ఎక్కినా ఎవరూ కాదనరు. అది అందరికీ ఒకటే రూలు అనుకునేదాన్ని.

అప్పుడు మా అమ్మకి కడుపులో గడ్డ. నిలబడితే నొప్పి. పరీక్షలకి విశాఖపట్నం తీసుకెళ్లాలి. అమ్మ నాన్న, అంటే మా తాతయ్య, పొలం పనికి తలకి చుట్టుకునే తువ్వాలునే గురిచూసి విసిరాడు. సరిగ్గా సీటు మీదే పడింది. మేం తోసుకుంటూ ఎక్కేసరికి అక్కడ ఇస్త్రీ చొక్కా ఆయనొకడు కూర్చుని ఉన్నాడు. తువ్వాలు కింద చెప్పుల మధ్య ఉంది. తాతయ్యకి కొడుకు వయసుంటుందేమో ఆయనకి.

“ఆ మసిగుడ్డ నీదా? సీటు తుడిచి పడేశాను” అన్నాడు.

పక్కవాళ్లు నవ్వారు. అమ్మ విశాఖ దాకా మరుగుదొడ్డి పక్కన నేలమీద ముడుచుకుని కూర్చుంది.

కొన్నాళ్లకి ఆపరేషన్‌కి రమ్మన్నారు. ఈసారి తాతయ్య పెట్టె అడుగునుంచి జరీ అంచు కండువా తీశాడు. ఆయన పాలేరుగా పనిచేసే కామందు గారింట పెళ్లికి పెట్టింది. భుజాన వేసుకుంటే ఊళ్లో ఏమంటారోనని ఎన్నడూ వేసుకోలేదు. దాన్ని విసిరాడు. మేం ఎక్కేసరికి, కిక్కిరిసిన ఆ బోగీలో కండువాకి అటూ ఇటూ జనం ఒదిగి కూర్చుని ఉన్నారు.

“ఎవరిదిది?” అన్నారొకరు, మమ్మల్ని ఎగాదిగా చూసి.

“మా కామందు గారిదండి. పక్క బోగీలో చుట్టాలతో మాట్లాడుతున్నారండి. ఆయనొచ్చేదాకా మా అమ్మాయిని సీటు కాసుకుని ఉండమన్నారండి” అన్నాడు తాతయ్య.

అడిగినవాళ్లు కాళ్లు ముడుచుకుని దారిచ్చారు. అమ్మ కూర్చుంది. తునిలో పక్కనే చోటు ఖాళీ అయితే తాతయ్యని చెయ్యి పట్టి లాగాను. ఆయన కదల్లేదు. కామందు సీటు పక్కన పాలేరు దర్జాగా కూర్చుంటే ఆ అబద్ధం ఎవరు నమ్ముతారు? ఆ రైల్లో లేని కామందు కోసం మా తాతయ్య విశాఖ దాకా చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

అమ్మ బతికింది. తాతయ్య ఉపాయాన్ని మావాళ్లు ఇప్పటికీ నవ్వుతూ చెప్పుకుంటారు. నాకు మాత్రం ఒళ్లు మండుతుంది.

ఇప్పుడు నా పేరుమీద రిజర్వేషన్ ఉన్న బెర్తులోనే వెళ్తున్నాను. ఎవరైనా వచ్చి “ఈ సీటు మీదేనా అండి?” అని మర్యాదగానే అడుగుతారు. నాదే అని చెప్పేలోపు, ఇప్పటికీ, నా కాళ్లు లేచి నిలబడబోతాయి.